ఫైగల్ ఒప్పుకోడు

మా బావ ఓటోకార్ నవ్రాటిల్ సినిమా నిర్మాత. వియన్నాలో నోయ్‌బావ్ వీధిలో, గొడుగుల దుకాణం మీద రెండో అంతస్తులో అతని ఆఫీసు. తలుపు మీద ఇత్తడి పలక, దాని మీద 'ఫైగల్ – నవ్రాటిల్ ఫిల్మ్ కంపెనీ' అని పెద్ద అక్షరాలు. లోపలికి వెళితే మాత్రం నవ్రాటిల్ ఒక్కడే కనిపించేవాడు. ఫైగల్ గారెక్కడ అని ఎవరైనా అడిగితే విదేశాల్లో ఉన్నాడని బావ చెప్పేవాడు. అక్కడేవో పెద్ద బేరాలు నడుస్తున్నాయట.

బావ అంటే మా అక్క రెసి భర్త. నా పేరు హెర్మినా, అందరూ మినా అంటారు. ఆ కంపెనీలో దుస్తుల పని నాది. కుట్టడం, ఇస్త్రీ చేయించడం, హీరోయిన్లు ఏడిస్తే జేబురుమాలు అందించడం, హీరోలు లావెక్కితే లాగూలు వదులు చేయడం అన్నీ నేనే చూసుకునేదాన్ని. మరదలిని కాబట్టి ఇంకో పని కూడా నా నెత్తిన పడింది. బావ కోతలు శ్రుతి మించితే ఆపాల్సింది నేనే. ఆ పనికి జీతం లేదు.

బావ అబద్ధాల వల్ల ఎవరికీ చెడు జరగలేదు. అడిగినవాళ్లకి లేదని చెప్పాలంటే అతనికి ప్రాణం మీదికి వచ్చేది. లేదనడం చేతకాని మనిషి నిర్మాతగా ఎలా బతుకుతాడు? అందుకని ఆ మాట అనడానికి ఫైగల్‌ని పెట్టుకున్నాడు. నటి జీతం పెంచమంటే, "నాకైతే ఇవ్వాలనే ఉందమ్మా, ఏం చెయ్యను, ఫైగల్ ఒప్పుకోడు" అనేవాడు. దర్శకుడు ఇంకో గుర్రం కావాలంటే, "నేనైతే రెండు తెప్పించేవాణ్ణి. ఫైగల్‌కి గుర్రాలంటే పడదు" అనేవాడు. తన కథలో ఒక్క ముక్క కూడా కోయకూడదని రచయిత భీష్మించుకుంటే, "ఫైగల్ చదివాడండీ. సగంలో నిద్రపోయాట్ట" అనేవాడు. ఊళ్లో సినిమావాళ్లందరికీ నవ్రాటిల్ వెన్నముద్ద, ఫైగల్ రాక్షసుడు. ఆ రాక్షసుడి మనసు కరిగించాలని ఒక హీరోయిన్ క్రిస్మస్‌కి చాక్లెట్ల డబ్బా పంపింది. బావ, అక్క, నేను కూర్చుని తిన్నాం.

"ఫైగల్‌కి తెగ నచ్చాయని ఆవిడకి చెప్పనా?" అన్నాడు బావ మూతి తుడుచుకుంటూ.

"సిగ్గు లేదూ నీకు!" అన్నాను.

"నాకుందే. ఫైగల్‌కే లేదు."

నవ్వాను. బావ దగ్గర నవ్వకుండా ఉండడం నావల్ల అయ్యేది కాదు. ఆ తర్వాత వంటగదిలోకి వెళ్లి గిన్నెలు గట్టిగా తోమాను. ఆర్థర్ ఫైగల్ ఏమయ్యాడో నాకు తెలుసు.

మూగ సినిమాల రోజుల్లో ఆర్థర్, బావ ఒకే హాల్లో పనిచేసేవాళ్లు. తెర కింద ఆర్థర్ పియానో వాయించేవాడు, బావ వయోలిన్ వాయించేవాడు. ముద్దులకి ఒక వరస, తన్నులాటలకి ఇంకో వరస. సినిమాకి మాటలు రాగానే ఇద్దరి నోట్లో మట్టి పడింది. "మన పొట్ట కొట్టినదాంతోనే మన పొట్ట నింపుకుందాం పద" అన్నాడు ఆర్థర్. అలా పుట్టింది కంపెనీ. మొదటి సినిమా ఒక పెళ్లికొడుకు ప్యాంటు పోవడం గురించి. జనం విరగబడి చూశారు. రెండోది ఆ ప్యాంటు దొరకడం గురించి. దానికి హాల్లో ఈగలు తోలుకున్నాం. ఆర్థర్ తక్కువ మాట్లాడి ఎక్కువ నవ్వేవాడు. ఎవరేం అడిగినా ఇచ్చేసేవాడు కూడా అతనే. ఆ రోజుల్లో వాళ్ల తరఫున లేదని చెప్పే బాధ్యత మా అక్కది.

పంతొమ్మిది వందల ముప్పై ఎనిమిదిలో ఆ పలక మీద యూదుడి పేరు ఉండకూడదని ఆజ్ఞ వచ్చింది. బావ పలకే ఊడదీసి, అక్క పెళ్లిబట్టల పెట్టెలో అడుగున పెట్టి, కంపెనీ మూసేశాడు. ఊరి చివర ఒక సినిమా హాల్లో టికెట్లు చింపే పనిలో చేరాడు. ఆర్థర్ దేశం దాటాలని చూశాడు, ఏ దేశమూ రానివ్వలేదు. నలభై రెండులో అతన్ని రైలెక్కించి తూర్పుకి తీసుకెళ్లారు. మళ్లీ రాలేదు. యుద్ధం అయిపోయాక కంపెనీ తిరిగి తెరవడానికి బావ ప్రభుత్వ ఆఫీసుకి వెళితే, అక్కడి గుమాస్తా "మీ భాగస్వామి ఎక్కడున్నారు?" అని అడిగాడట. బావ "విదేశాల్లో" అన్నాడు. ఆ మాట అలాగే ఉండిపోయింది.

యాభై ఆరు వేసవి నాటికి మా పరిస్థితి గోరుచుట్టు మీద రోకటిపోటు. అంతకుముందు తీసిన రెండు సినిమాలూ బోల్తా కొట్టాయి. మిగిలింది ఒకే ఒక్క సినిమా, దానికి పెట్టుబడి పెట్టేది మ్యూనిక్ పంపిణీదారు డిట్‌మార్ క్నోల్. ఆ కాలంలో సినిమాలు తీయకముందే అమ్ముడుపోయేవి. పంపిణీదారు ముందుగా పేరు పెట్టేసి, పోస్టర్ వేయించి, ఊరూరా హాళ్ల యజమానులకి చూపించేవాడు. పోస్టర్ బాగుంటే వాళ్లు సినిమా కొనేవాళ్లు. కొన్నాక మేము తీసేవాళ్లం. దూడ పుట్టకముందే దాని బొమ్మకి బేరం కుదిరేదన్నమాట.

మా సినిమా పేరు 'కొండ దిగిన పెళ్లి'. పోస్టర్ మీద ముప్పావు వంతు ఆవే. తల మీద నిలువెత్తు పూలకిరీటం, దాని మధ్యలో చిన్న అద్దం, మెడలో గంట. హీరోయిన్ ఆవు కొమ్ము చాటున ఎక్కడో ఉంది. వేసవంతా కొండమీద మేసిన మందలు శరత్కాలంలో పూలకిరీటాలతో ఊళ్లోకి దిగుతాయి కదా, ఆ దృశ్యంతో సినిమా ముగియాలి. హాళ్లవాళ్లు ఆవుని చూసే కొన్నారు.

"చూడండి నవ్రాటిల్ గారూ, కిరీటం కనిపిస్తేనే సినిమా. లేకపోతే హాళ్లవాళ్లు నా మీద పడతారు, నేను మీ మీద పడతాను" అని క్నోల్ ముందే చెప్పాడు.

అంటే ఆ ఒక్క దృశ్యం కుదరకపోతే కంపెనీ ఉండదు. షూటింగ్‌కి రైల్లో వెళుతూ బావ కిటికీలోంచి చూస్తూ అన్నాడు: "మినా, టికెట్లు చింపడం నాకేం నామోషీ కాదు. చెయ్యి తిరిగిన పనే. ఆ పలక మళ్లీ ఊడదియ్యాల్సొస్తే మాత్రం నావల్ల కాదే."

"ఊడదీసే పనేం రాదులే. నేను కాగితం గులాబీలు రెండు పెట్టెలు కుట్టి తెచ్చాను. నీ ఆవులన్నిటికీ పెళ్లి చెయ్యొచ్చు" అన్నాను.

వియన్నావాళ్లం కదా. కిరీటమంటే ముస్తాబు అనుకున్నాం.

పింజ్‌గావ్ కొండల్లో ఓబర్‌మూస్ అనే ఊరు. ఆ ఊరి మందంతా వేసవిలో ఒకే పచ్చికకి వెళుతుంది. దాని పెత్తనం నోట్‌బుర్గా అనే ఆవిడది. అరవై దాటిన మనిషి, బుర్గా అంటారు. వేసవికి ముందే ఆవిడతో అన్నీ మాట్లాడుకున్నాం. కిరీటాలు, దారి, ఏ ఆవు ముందు నడవాలి, అంతా సరే అంది. మంద దిగే వారంలో మేము కెమెరాలతో పైకెక్కేసరికి ఆవిడ గుడిసె ముందు నిలబడి ఉంది.

"వచ్చారా? వచ్చినదారినే దిగిపోండి. ఈ ఏడు కిరీటాల్లేవు" అంది.

బావ టోపీ తీసి వంగాడు. "అమ్మా, నేను నిర్మాత నవ్రాటిల్‌ని. మీరు మాటిచ్చారు..."

"తెలుసు నువ్వెవరో. కొండమీద మీరూ గీరూ లేవు. ఇక్కడికెక్కాక బిషప్పైనా నువ్వే. కిరీటాల్లేవని చెప్తున్నా. ష్టెర్నెల్ పోయింది."

ష్టెర్నెల్ అంటే వాళ్ల మందలో ఇంకా ఈనని పడ్డ, నుదుట తెల్లచుక్క ఉన్నదట. గాలివానలో బండ మీద కాలు జారి లోయలో పడింది.

"అయ్యో పాపం" అన్నాడు బావ. నిజంగానే బాధపడ్డాడు. ఆ వెంటనే, "మరి మిగతావన్నీ బాగానే ఉన్నాయి కదా?" అన్నాడు.

బుర్గా అతన్ని పైనుంచి కిందిదాకా చూసింది. "పైకెళ్లినవన్నీ దిగొస్తేనే పూలు పెడతాం. ఒక్క ప్రాణం తగ్గినా, అది పశువైనా మనిషైనా, అన్నీ ఒట్టి తలల్తోనే దిగాలి. గంటల్లో గడ్డి కూరుతాం, మోగకుండా. మా అమ్మమ్మ నాటినుంచీ ఇంతే. నీ సినిమా కోసం మారదు."

అన్నిటికీ ఒక ఉపాయం ఉంటుందని మా బావ నమ్మకం. మర్నాడు పొద్దున్నే కనిపించలేదు. మధ్యాహ్నానికి లోయలోని సంతనుంచి ఒక పడ్డని తాడు పట్టుకుని లాక్కుంటూ, వియన్నా బూట్లతో, మోకాళ్లదాకా బురదతో ఎక్కివచ్చాడు. దారిలో అదే అతన్ని లాక్కొచ్చిందని చూస్తేనే తెలుస్తోంది. టోపీ దాని కొమ్ముకి తగిలించి ఉంది.

"ఇదెవర్ది?" అంది బుర్గా.

"మీదే! అంటే, నీదే. వయసు, రంగు, నుదుట తెల్లచుక్క, అన్నీ చూసి మరీ కొన్నాను. ఇప్పుడు లెక్క సరిపోయింది కదా" అన్నాడు బావ రొప్పుతూ.

"ఏమయ్యా, నీకు పెళ్లయిందా?"

"అయింది."

"రేపు నీ పెళ్లాం పోతే, ఎల్లుండి ఇంకోదాన్ని తెచ్చి ఆ కుర్చీలో కూర్చోబెడితే లెక్క సరిపోయినట్టేనా?"

బావ నా వంక చూశాడు.

"నా వంక చూడకు" అన్నాను. "ఇంటికెళ్లాక అక్కకి చెప్తా."

బుర్గా పగలబడి నవ్వింది. పడ్డకి మాత్రం నీళ్లు పెట్టింది, గడ్డి వేసింది. అది సుఖంగా మేస్తుంటే బావ బూట్లలోంచి బురద ఒంపుకున్నాడు. లెక్క సరిపోలేదు.

మా దర్శకుడు రోడెరిష్ ఎప్పుడూ మఫ్లర్ చుట్టుకుని తిరిగే మనిషి. తన బుర్రలోని గొప్ప ఆలోచనలకి గాలి తగలకూడదని అతని భయమేమో. అతనికి ఒక ఉపాయం తట్టింది. అవతలి వాలు ఊళ్లోవాళ్ల కంట పడదు. తెల్లవారకముందే నాలుగావుల్ని అటు తోలి, నా గులాబీలు చుట్టి, వెలుగు రాగానే షాట్ తీసేసి పూలు పీకేస్తే ఎవరికి తెలుస్తుంది? కాపరులకి కొంత ముట్టజెబితే సరి.

"దొంగతనంగా వద్దు. అడిగే తీద్దాం. ఒక్క గంటే కదా. నేను అడుగుతాను" అన్నాడు బావ. "మినా, నువ్వూ రా. ఆడవాళ్లుంటే కాస్త మెత్తబడుతుంది."

ఆవిడ మెత్తబడే రకం కాదని నాకు తెలుసు. అయినా వెళ్లాను. సాయంత్రం పాలు పితికే వేళ, బుర్గా ఒంటికాలి పీట నడుముకి కట్టుకుని ఆవు పక్కన కూర్చుంది. మమ్మల్ని చూసి లేవలేదు.

"ఒక్క గంట చాలమ్మా. అవతలి వాలు మీద నాలుగావులకి పూలు పెడతాం, వెంటనే తీసేస్తాం. ఆవులకేం తెలుస్తుంది?"

"ఆవులకి తెలీదు. నాకు తెలుస్తుందిగా."

"నాకూ ఇష్టం లేదమ్మా, ఒట్టు. నా ఒక్కడి చేతిలో ఉంటే ఇప్పుడే పెట్టేబేడా సర్దుకుని దిగిపోయేవాణ్ణి. ఏం చెయ్యను? మా భాగస్వామి ఫైగల్ ఒప్పుకోడు. రాతిగుండె."

"అట్టాగా. అయితే ఆయన్నే పిలు. నేను మాట్లాడతా."

"ఆయన విదేశాల్లో ఉన్నాడు."

"ఎప్పుడొస్తాడు?"

వియన్నాలో ఇన్నేళ్లలో ఈ మాట ఒక్కరూ అడగలేదు. ఎక్కడున్నారని అడిగేవాళ్లు, కులాసానా అని అడిగేవాళ్లు, నమస్కారాలు చెప్పమనేవాళ్లు. ఎప్పుడొస్తారని మాత్రం అడిగేవాళ్లు కాదు. ఫైగల్ అంటే ఎలాంటివాళ్ల పేరో, అలాంటి పేర్లవాళ్లు ఏ రైలెక్కారో అందరికీ తెలుసు. విదేశాలు అనే మాట మా బావకే కాదు, మా ఊరికంతటికీ సుఖంగానే ఉండేది. ఆ సంగతి తలచుకుంటే నాకిప్పటికీ ఒళ్లు మండుతుంది.

"రాడు" అన్నాడు బావ.

పాలధార ఆగలేదు. "పోయాడా?"

"తీసుకెళ్లారు. నలభై రెండులో. స్టేషన్‌కి వెళ్లాను నేను. లోపలికి రానివ్వలేదు."

స్టేషన్‌కి వెళ్లిన సంగతి నాకూ తెలియదు. అక్కకి కూడా చెప్పి ఉండడు.

"నీ వాడేనా?" అంది బుర్గా.

"నా వాడే."

"మరి అప్పట్నించి ఒక్క ఏడాదైనా ఒట్టి తలతో దిగావా?"

బావ టోపీ చేతుల్లో తిప్పుతూ నిలబడ్డాడు. బుర్గా లేచి, గిన్నెలోంచి ఒక చెంబెడు పాలు ముంచి అతని చేతికిచ్చింది. "తాగు. పొద్దున్న దిగుతున్నాం. ఆ తర్వాత నీ ఇష్టం" అంది. ఆ మాటలో కోపం లేదు. బావ పాలు తాగుతుంటే నాకు ఏడుపొచ్చింది.

కొట్టంలోంచి గుడిసెకి నడుస్తుంటే బావ అన్నాడు: "మినా, అడిగినవాళ్లందరికీ దోచిపెట్టేవాణ్ణి పిసినారిని చేశాను కదే."

"చేశావు."

"నువ్వు ఆపొచ్చు కదా!"

"ఆపితే ఆ పేరు ఎత్తడమే మానేసేవాడివి బావా. అదొక్కటే వినబడేది మనింట్లో."

బావ నా భుజం మీద చెయ్యి వేసుకుని నడిచాడు.

పొద్దున రోడెరిష్ కాలుగాలిన పిల్లిలా తిరుగుతున్నాడు. కెమెరా ఎక్కడ పెట్టాలో తెలియడం లేదు. పూలు చుట్టడానికి ఒప్పుకున్నారా లేదా అని అరుస్తున్నాడు.

"పూల్లేవు. దారి మలుపులో పెట్టు కెమెరా. ఎలా వస్తే అలా తియ్యి" అన్నాడు బావ.

"ఇది పెళ్లి సినిమా నవ్రాటిల్ గారూ! శవయాత్ర కాదు! ఫైగల్ గారికి ఏం చెప్పుకుంటారు?"

"ఆయన్ని వదిలెయ్. చెప్పేది నేను."

మంద దిగింది. మలుపు తిరిగేదాకా వస్తోందని కూడా తెలియలేదు, గంటలు మోగలేదు కదా. సౌండ్ చూసే ఆయన తన యంత్రం చెడిపోయిందనుకుని దాని నెత్తిన రెండు దెబ్బలు వేశాడు. అప్పుడు డెక్కల చప్పుడు వినిపించింది, ఆవుల ఊపిరి వినిపించింది. ముందు బుర్గా, ఆమె వెనక ఎర్రటి ఆవులు ఒక్కొక్కటే, కొమ్ముల మధ్య ఏమీ లేకుండా. దారి పక్కన ఊళ్లోవాళ్లు టోపీలు తీసి నిలబడ్డారు. అన్నిటికన్నా చివర మా బావ కొన్న పడ్డ, దానికేం పట్టనట్టు గడ్డి నములుతూ వచ్చింది.

హీరో హీరోయిన్లు పరుగెత్తుకెళ్లి కౌగిలించుకోవాలని కథలో ఉంది. ఇద్దరూ కదల్లేదు. హీరోయిన్ తన జడలో నేను గుచ్చిన పూలు ఒక్కొక్కటే తీసి జేబులో వేసుకుంది. ఎవరూ ఆమెకి అలా చెయ్యమని చెప్పలేదు. కట్ చెప్పాల్సిన రోడెరిష్ మఫ్లర్‌తో ముక్కు తుడుచుకుంటూ కూర్చున్నాడు. రీలు అయిపోయి కెమెరా దానంతట అదే ఆగింది.

మ్యూనిక్‌లో సినిమా చూసి క్నోల్ లేచి నిలబడ్డాడు. నోరు తెరిచాక ఆపడం మా తరం కాలేదు.

"కిరీటం ఏది? నేను అమ్మింది కిరీటం! బోడి ఆవుల్ని ఎవరైనా వాళ్ల దొడ్లోనే చూసుకుంటారు, టికెట్ కొని ఎందుకు చూస్తారు? ఫైగల్ గారు దీనికి ఎలా ఒప్పుకున్నారు?"

"ఆయన్ని అడగలేదు. ముగింపు నాది."

"అడగలేదా!" క్నోల్ కుర్చీలో కూలబడ్డాడు. ఫైగల్ చెప్పకుండా మా ఆఫీసులో ఈగ కూడా ఎగరదని అతని నమ్మకం. "సరే, జాల్స్‌బుర్గ్‌లో మొదటి ఆట వేద్దాం. హాళ్లవాళ్లని పిలుస్తాను. వాళ్లు కాదంటే, నవ్రాటిల్ గారూ, మీ కంపెనీ మూసుకోండి. నేను చెయ్యగలిగిందేం లేదు."

ఆ సాయంత్రం జాల్స్‌బుర్గ్‌లో సన్నటి వాన. హాలు బయట పోస్టర్ మీద ఆవు కిరీటంతో మెరిసిపోతోంది. మామూలు ప్రకారం ముందు నటీనటులు తెర ముందుకి వచ్చి వంగి దండం పెట్టారు, జనం చప్పట్లు కొట్టారు. మొదటి రెండు వరసల్లో హాళ్ల యజమానులు, పొట్టల మీద చేతులు పెట్టుకుని కూర్చున్నారు. బావ, నేను చిట్టచివరి వరసలో తలుపు పక్కన కూర్చున్నాం.

సినిమా సగందాకా జనం బాగా నవ్వారు. పెళ్లికొడుకు పేడలో పడ్డప్పుడైతే ఒకాయన కుర్చీ విరిగింది. ఆఖర్న మంద దిగింది. గంటలు మోగని ఆ దారి తెరమీదికి రాగానే హాల్లో నవ్వులు ఆగిపోయాయి. దగ్గులు కూడా ఆగిపోయాయి. లైట్లు వెలిగాక ఒక్కరూ లేవలేదు, ఒక్కరూ చప్పట్లు కొట్టలేదు.

"మినా, కోటు తీసుకో" అన్నాడు బావ గొణుగుతూ. "వెనకవైపు ఇంకో తలుపుందేమో చూడు."

"కూర్చో బావా."

అప్పుడు మధ్య వరసలోంచి ఒకాయన లేచి నిలబడి టోపీ తీశాడు. పక్కనావిడ లేచింది. ఒక్కొక్కరే అందరూ లేచారు. ఆ తర్వాత చప్పట్లు మొదలయ్యాయి, ఇక ఆపలేదు. హాళ్ల యజమానులు వెనక్కి తిరిగి జనాన్ని చూస్తున్నారు. వాళ్లకి తెరకన్నా అదే ముఖ్యం.

బయట వసారాలో క్నోల్ మా మీదికి పరుగెత్తుకొచ్చాడు. మొహం ఎర్రగా ఉంది, కళ్లూ ఎర్రగానే ఉన్నాయి. వెనకాలే హాళ్లవాళ్లంతా వచ్చారు.

"అందరూ తీసుకుంటున్నారు! అందరూ! వచ్చే ఏడాదికి ఇంకోటి కూడా కావాలంటున్నారు! ఫైగల్ గారికి ఇప్పుడే తంతి కొట్టాలి. ఏ ఊరికి పంపను? చెప్పండి, ఏ ఊరు?"

కంపెనీ నిలబడింది. ఇప్పుడు ఒక్క అబద్ధం చెబితే చాలు, ఏ రోమో, ఏ లిస్బనో, అందరూ నవ్వుకుంటూ భోజనానికి వెళ్లొచ్చు. బావకి చెప్పడం తెలియని ఊరు లేదు.

"ఆర్థర్ ఫైగల్ చనిపోయాడండీ" అన్నాడు బావ, అందరికీ వినబడేలా. "నలభై రెండులో. ఇక్కణ్ణించి తీసుకెళ్లి చంపేశారు."

వసారాలో కొందరు బూట్ల వంక చూసుకున్నారు. ఒకాయన గొడుగు తెరిచి మళ్లీ మూశాడు.

క్నోల్ బావ వైపు ఒక అడుగు వేశాడు. "మరి... ఏటా నేను పంపిన చుట్టలు?"

"నేనే కాల్చానండీ. బాగున్నాయి."

ఎవరో కిసుక్కున నవ్వి, వెంటనే నోరు మూసుకున్నారు. నాకూ నవ్వొచ్చింది, దాంతోపాటే ఏడుపొచ్చింది. అప్పుడు హాళ్లవాళ్లలోంచి ఒక ముసలావిడ ముందుకొచ్చింది. ఎక్కడో కొండ ఊళ్లో ఒక్క హాలు నడుపుతుందట. తడిసిన కోటు, చేతిలో బుట్ట.

"ఏం చేసేవారు ఆయన?" అని అడిగింది.

"పియానో వాయించేవాడు. ముద్దుల సీన్లలో బాగా వాయించేవాడు. తన్నులాటల్లో తప్పులు పోయేవి."

ఆవిడ బుట్ట కింద పెట్టి, గుండెల మీద శిలువ గుర్తు వేసుకుని, "ఆయన ఆత్మకి శాంతి కలగాలి" అంది.

"ఆయన యూదుడండీ" అన్నాడు బావ మెల్లగా. "మీరు శిలువ వేశారని తెలిస్తే పడీపడీ నవ్వుతాడు."

"నవ్వనివ్వండి" అంది ఆవిడ. "ఎన్నాళ్లయిందో పాపం ఆయన నవ్వి."

బావ ఆవిడ చెయ్యి పట్టుకున్నాడు. నేను జేబురుమాలు తీసి అతనికిచ్చాను.